గది చప్పుడు

కుర్చీ మార్చారు. హాల్లో అడుగు పెడుతూనే గ్లెనిస్ పాస్కో కనిపెట్టిన మొదటి సంగతి అదే. పోయినసారీ, అంతకు ముందుసారీ ఇదే క్లబ్బులో, పచ్చిక మీద నల్ల బంతులు దొర్లించుకునే ముసలాళ్ల ఈ క్లబ్బులోనే, ఆమెకు చేతులున్న మెత్తటి కుర్చీ వేశారు. ఇప్పుడు వేసింది చెక్కది, వీపు నిటారుగా, చేతులు లేకుండా. మోచేతులు ఆన్చుకోవడానికి చోటున్న మనిషి తాపీగా మాట్లాడుతుంది. లేని మనిషి చేతులు ఏం చేసుకోవాలో తెలియక ఒళ్లో పెట్టుకుని పిసుక్కుంటుంది, చూసేవాళ్లు ఆ చేతుల్నే చూస్తారు. ఇది ఎవరో నేర్పిన చిట్కా కాదు. నేరాల మీద తీసిన డాక్యుమెంటరీలు పద్నాలుగింట్లో కనిపించిన మనిషికి ఇలాంటివి వాటంతటవే అబ్బుతాయి. పోయినవాళ్ల తల్లులకు సోఫా. రిటైరైన పోలీసులకు తోలు కుర్చీ, వెనక పుస్తకాల అల్మరా. తనలాంటి పాత విలేకరులకు చేతుల కుర్చీ. మరి చేతుల్లేని కుర్చీ ఎవరికి వేస్తారు? గ్లెనిస్ కూర్చుంది. చేతులు ఒళ్లో పెట్టుకుంది, వెంటనే తీసేసింది, ఏం చెయ్యాలో తోచక మళ్లీ పెట్టుకుంది.

"సుఖంగా ఉందా గ్లెనిస్? నడుముకి దిండేమైనా ఇమ్మంటారా?" అంది తాష్. ఈ డాక్యుమెంటరీకి డైరెక్టరు ఈ పిల్లే, ముప్ఫై కూడా నిండలేదు, నిన్ననే అడిలైడ్ నుంచి వ్యాన్లో దిగింది.

"దిండెందుకమ్మా, నేనేం పడుకోడానికి రాలేదుగా."

తాష్ నవ్వింది. అంతగా నవ్వేంత మాటేం కాదది. ఇంటర్వ్యూకి ముందు డైరెక్టరు మరీ కలుపుగోలుగా ఉందంటే లోపల ఏదో దాచిందన్నమాటే, ఆ సంగతి గ్లెనిస్‌కి బాగా తెలుసు, ఎందుకంటే ఒకప్పుడు ఆ దాచేవాళ్ల పక్కన కూర్చుని ఏం దాచాలో చెప్పింది తనే. ఇక లైటు. ఒక్క ఎడమ పక్కనుంచే పెట్టారు. కిటికీ తెరలు దించేశారు. అంటే మొహం సగం వెలుగు, సగం చీకటి. క్వీన్స్‌లాండ్‌లో భార్యని చంపాడన్న అనుమానమున్న ఒక భర్తని అలా కూర్చోబెడితే బాగుంటుందని సలహా ఇచ్చింది ఎవరు? ఇంకెవరు, ఈ గ్లెనిస్ మహాతల్లే. ఆ భర్త పాపం ఏం చేశాడో ఏం చెయ్యలేదో తర్వాత కోర్టు తేల్చింది గాని, టీవీలో మాత్రం ఆ సగం చీకటే అతన్ని పట్టిచ్చింది. ఇప్పుడా చీకటి తన కుడి చెంప మీదికి వచ్చి కూర్చుంది. రేకు కప్పు మీద ఎడారి వైపునుంచి వచ్చే ఉత్తరపు వేడిగాలి ఇసుక చల్లుతోంది, ఉక్కపోత, ఏసీ ఆపేశారు, మైకుకి పడదట. కనుబొమల దగ్గర చెమట పుట్టడం ఆమెకు తెలుస్తోంది, అది కూడా కెమెరాకి తెలుస్తుంది.

వంటింటి వైపు కార్లో ఫ్రిజ్ ప్లగ్ పీకుతున్నాడు. శబ్దం పట్టే మనిషి, అరవై దాటాయి, ఇది గ్లెనిస్‌తో అయిదో సినిమా. ప్లగ్ పీకి, జేబులోంచి వ్యాను తాళాలు తీసి, ఫ్రిజ్‌లో మాంసం కూరిన పేస్టీల పళ్లెం పక్కన పెట్టి తలుపు మూశాడు.

"ఇంకా తాళాలు ఫ్రిజ్‌లోనే పెడుతున్నావా కార్లో?"

"పెట్టకపోతే ఎట్టా? ఫ్రిజ్ ఆపింది మర్చిపోయి పోతామా, రేపటికి క్లబ్బోళ్ల తిండంతా కుళ్లి నన్ను తంతారు. తాళాలు లేందే బండి కదలదు, వాటికోసం తలుపు తీస్తే ప్లగ్ గుర్తొస్తది. నా బుర్ర మీద నాకు నమ్మకం లేదు తల్లీ. నీదైతే వేరే లెక్క, నీకన్నీ గుర్తే."

అన్నీ గుర్తే. ఎందుకన్నాడా మాట? ఊరికే అన్నాడా? కార్లో మంచివాడే, కానీ కార్లోకి జీతమిచ్చేది తాష్. గ్లెనిస్ నిన్నటి సాయంత్రం గురించి ఆలోచించకూడదనుకుంది, ఆలోచించింది. రొట్టెలు కొనుక్కుని వస్తూ చూసింది, వీళ్ల తెల్ల వ్యాను జెట్టీ రోడ్డులో మెర్వ్ హెడ్డల్ ఇంటి ముందు ఆగి ఉంది. మెర్వ్ ఇంటి ముందు ఎవరి బండీ ఆగదు. కొరియర్ కుర్రాళ్లు కూడా పొట్లం గేటు మీంచి విసిరేసి పోతారు. ముప్ఫై ఏళ్లుగా టీవీవాళ్లెవరు తలుపు తట్టినా నోరు విప్పని మనిషి, నిన్న వీళ్లని లోపలికి రానిచ్చాడు. ఏం చెప్పాడు? ఏం చూపించాడు? డెబ్బై ఆరేళ్ల వయసులో ఇప్పుడెందుకు చెప్పాడు? ఆ ప్రశ్నలతోనే రాత్రి పడుకుంది, పొద్దున్నే అవే ప్రశ్నలతో నీలం కోటు ఇస్త్రీ చేసుకుంది. కెమెరాకి చారలు వద్దు, తెలుపు వద్దు, నీలం బాగా పడుతుంది.

"గ్లెనిస్, ఎప్పట్లాగే. నా ప్రశ్న సినిమాలో వినబడదు కాబట్టి ప్రశ్నని జవాబులో కలుపుకుని చెప్పండి, మీకు తెలియంది కాదు," అంది తాష్. ఒళ్లో నీలం ఫైలు. ఆ ఫైల్లోంచి పసుపుబారిన కాగితం అంచు ఒకటి బయటికి తొంగి చూస్తోంది.

తెలియందేమీ కాదు. పంతొమ్మిదివందల ఎనభై ఎనిమిది ఫిబ్రవరిలో డెనీస్ కార్బీకి ఇరవై మూడేళ్లు, అని మొదలుపెట్టింది గ్లెనిస్. ఆమె గొంతు తనకు తానే దారి చూసుకుని పోతోంది, పాలబండి గుర్రంలాగా ఏ గుమ్మం దగ్గర ఆగాలో దానికే తెలుసు. డెనీస్ ఈ పోర్ట్ ట్రెవిన్ ఊళ్లోనే చేపల షెడ్డులో పనిచేసేది, కారవాన్ పార్కులో సముద్రం వైపు చివరి చక్రాల ఇంట్లో ఒక్కతే ఉండేది. ఒక సోమవారం పనికి రాలేదు. మంగళవారం షెడ్డు మేస్త్రీ వచ్చి తలుపు తట్టాడు. మనిషి లేదు, శవం దొరకలేదు, ఈ రోజు వరకూ దొరకలేదు. జిల్లా వారపత్రిక తరఫున ఆ తలుపు దగ్గరికి మొదట చేరిన విలేకరిని నేను, అప్పుడు నాకు ముప్ఫై. ఇదంతా చెబుతూనే ఆమె లోపల ఇంకో గ్లెనిస్ తాష్ కళ్లనే చూస్తోంది. తాష్ తల ఊపుతోంది. తల ఊపడం దేనికీ సాక్ష్యం కాదు, అందరూ ఊపుతారు. ఫైలు మీద వేలు మాత్రం అటూ ఇటూ కదుల్తోంది. ఇంకా టీ కప్పుల గురించి అడగలేదు. ఎవరైనా రెండో ప్రశ్నకే కప్పుల దగ్గరికి వచ్చేస్తారు, ఈ పిల్ల చివరికి దాచింది. దాచిందంటే దాని పక్కన పెట్టడానికి ఇంకేదో ఉంది.

కప్పులు గ్లెనిస్ ఆస్తి. ఈ వృత్తిలో ఆమె పేరు నిలబడింది డెనీస్ కారవాన్‌లో కనిపించిన ఆ కప్పుల మీదే. బల్ల మీద రెండు కప్పులున్నాయి, అనాలి, అక్కడ ఆగాలి, ఊపిరి ఒకటి తీసుకోవాలి. ఒకటి డెనీస్‌ది. రెండోది ఎవరిదో తెలిసిన రోజున ఈ కథ ముగుస్తుంది. పెర్త్‌లో జరిగిన నేరకథల సంబరంలో ఒకమ్మాయి టీ కప్పు తెచ్చి దాని మీద సంతకం పెట్టమంది. సూపర్ మార్కెట్లో బిల్లు వేసే ఆవిడ, రెండో కప్పు ఎవరిదో నాకు మాత్రం చెప్పచ్చుగా, అని కన్ను గీటుతుంది. ఊరికి చెప్పనక్కర్లేదు, ఊరు తనే తేల్చేసుకుంది. డెనీస్ తలుపు తీసి, లోపలికి పిలిచి, టీ పెట్టిచ్చిందంటే వచ్చినవాడు తెలిసినవాడు. తెలిసినవాడు ఎవడు? పక్క కారవాన్‌లో ఉండి గ్యాస్ బండ మార్చి పెట్టేవాడు, మెర్వ్. పోలీసులు అప్పుడే అతన్ని రెండుసార్లు అడిగి వదిలేశారు, అప్పుడెవరూ పట్టించుకోలేదు కూడా. తొంభై అయిదులో మొదటి డాక్యుమెంటరీ వచ్చాకే పట్టించుకున్నారు. మెర్వ్ పెళ్లాం వైయాల్లాలో అక్క దగ్గరికని వెళ్లి తిరిగి రాలేదు. అతని పడవ ఇంజన్లో ఎవరో పంచదార పోశారు. ఈ క్లబ్బువాళ్లు కొంతకాలం రావద్దన్నారు, ఆ కొంతకాలం ఇంకా అయిపోలేదు. ఇప్పుడు గ్లెనిస్ వీపు వెనక గోడ మీదున్న విజేతల పలకలో ఎనభై ఆరు పక్కన మెర్వ్ పేరు, ఆ బంగారు రంగు అక్షరాలు గీకేసి ఉంటాయి. పేరు నేనెప్పుడూ చెప్పలేదు, అనుకుంది గ్లెనిస్, పద్నాలుగు సినిమాల్లో ఒక్కసారి కూడా ఆ పేరు నా నోట్లోంచి రాలేదు. ఈ మాట ఆమె తనకు తాను చాలాసార్లు చెప్పుకుంది.

"ఒక చిన్న పని," అని తాష్ ఫైలు తెరిచింది. ఇదిగో, వచ్చింది. "మీ మొదటి రిపోర్టు లైబ్రరీలో దొరికింది. దీన్ని చేత్తో పట్టుకుని పైకి చదువుతారా?"

కాగితం చేతికివ్వడం, పైకి చదివించడం. ఎన్నిసార్లు చూసింది ఈ ఎత్తు. చదివేవాడి కళ్లు ఒక వాక్యం దగ్గర తట్టుకుంటాయి, కెమెరా మెల్లగా దగ్గరికొస్తుంది, సంగీతం తర్వాత కలుపుతారు. గ్లెనిస్ కళ్లజోడు పెట్టుకుని తన సొంత కాగితాన్ని శత్రువు ఉత్తరంలా పట్టుకుంది. ముప్ఫై ఏడేళ్లుగా దీన్ని చదవలేదు, చదవాల్సిన అవసరమే రాలేదు, తనకన్నీ గుర్తే కదా. చదవడం మొదలుపెట్టింది. నోటికంటే కళ్లు రెండు వరుసలు ముందు పోతాయి, పాత అలవాటు, అందుకే దాన్ని ముందే చూసింది. బల్ల మీద ఒక కప్పు ఉంది. ఒక కప్పు. నోరు ఇంకా తలుపు తాళం దగ్గరే ఉంది. పత్రిక డెస్కులో కూర్చుని వార్తలు దిద్దే ఆ తాగుబోతు తప్పు వేసుంటాడు, అనుకుంది వెంటనే. ఆ రోజు కారవాన్ దగ్గర కాపలా ఉన్న కానిస్టేబుల్ తప్పు చెప్పుంటాడు. లేదు, కానిస్టేబుల్ చెప్పలేదు, గుమ్మంలో నిలబడి తనే చూసింది, అతను తలుపు మూసేలోపు తనే లెక్కపెట్టి పుస్తకంలో రాసుకుంది. లైబ్రరీ కాదు, మెర్వ్ ఇచ్చుంటాడు వీళ్లకి ఈ కాగితం, దాచి పెట్టుకుని ఉంటాడు ఇన్నాళ్లూ. నోరు ఆ వాక్యం దాకా వచ్చింది. నోరు తడబడకుండా ఆ వాక్యాన్ని దాటేసి కిటికీ తెర మీదికి పోయింది, మంచం మీది పసుపు స్వెట్టరు మీదికి పోయింది, చివరి దాకా పోయింది.

తాష్ ఏమంటుందో అని చూసింది గ్లెనిస్. ఇప్పుడంటుంది, మధ్యలో ఏదో వదిలేశారు, అని.

"ఎంత బాగా రాసేవారండీ అప్పట్లోనే," అంది తాష్. కాగితం వెనక్కి తీసుకుని, చూడకుండానే ఫైల్లో పెట్టేసింది. "కాగితం వెనకనుంచి వెలుగు పడి మీ మొహం భలే వచ్చింది. ఈ కుర్చీ ఏమో అనుకున్నాను గాని ఫరవాలేదు. మెత్తది కిర్రుమంటోందని కార్లో ఒప్పుకోలేదు."

కిర్రుమంటోందని. గ్లెనిస్ వెతికింది ఆ మొహంలో, కళ్ల చివర్లలో, పెదాల దగ్గర. ఏమీ లేదక్కడ. ఈ పిల్ల ఆ రిపోర్టు చదివిందా అసలు? చదివే ఉంటుంది, చదివి, కప్పు కనబడగానే రెండనుకుని ఉంటుంది, అందరూ అలాగే అనుకుంటారు, తనే కదా అలవాటు చేసింది. భయం తగ్గాలి నిజానికి. తగ్గలేదు. ఎదురుగా దొంగ లేడని తేలాక ఇల్లంతా ఇంకా భయంగా అనిపిస్తుందే, అలా ఉంది ఆమెకు.

"ఒక్క నిమిషం," అన్నాడు కెమెరా వెనకనుంచి కుర్రాడు. "ఆ స్టూలు మీదికి కప్పెలా వచ్చింది? ముందు షాట్లో లేదది. ఎవరిది?"

"నాదే, ఇందాక తాగి పెట్టాను," అంది గ్లెనిస్. కార్లో వచ్చి కప్పు తీసుకుపోయాడు. ఆమె ఆ కప్పు పోతున్న వైపే చూస్తూ ఉండిపోయింది, ఎందుకో తెలియలేదు.

అప్పుడడిగింది తాష్ కప్పుల గురించి, చివరి ప్రశ్నగా, మెత్తగా. గ్లెనిస్ నోరు చెప్పింది. బల్ల మీద రెండు కప్పులున్నాయి. ఆగింది. ఊపిరి తీసుకుంది. ఒకటి డెనీస్‌ది. రెండోది ఎవరిదో తెలిసిన రోజున ఈ కథ ముగుస్తుంది. ఎప్పటికంటే బాగా వచ్చింది.

"ఒళ్లు జలదరించింది నాకు," అంది తాష్. "ఇదే మన ముగింపు. పోలీసులు వచ్చే నెల కేసు మళ్లీ తెరుస్తున్నారుగా, అదే వారం మనది టీవీలో వస్తుంది. ఆ, అన్నట్టు, మెర్వ్ హెడ్డల్ నిన్న టీ ఇచ్చాడు మాకు. మాట్లాడనన్నాడు. పట్టుబట్టి అడిగితే ఒక్క మాటన్నాడు. నన్నడిగి ఏం లాభం, ఆ రెండో కప్పు ఎవరిదా అని ముప్ఫై ఏళ్లుగా నేనూ బుర్ర బద్దలు కొట్టుకుంటున్నా, గ్లెనిస్‌ని అడగండి, తను చూసింది, అబద్ధమాడే మనిషి కాదు, అన్నాడు."

గ్లెనిస్ ఏదో అనబోయింది. "గది చప్పుడు," అన్నాడు కార్లో చెయ్యెత్తి. "ఒక్క నిమిషం. ఎవరూ మాట్లాడద్దు, కదలద్దు, ఊపిరి కూడా మెల్లగా పీల్చండి."

ప్రతి ఇంటర్వ్యూ చివరా ఇంతే. ఖాళీ గదికి కూడా ఒక చప్పుడుంటుందట, మాటల్ని కత్తిరించి అతికేటప్పుడు ఆ అతుకుల కింద పరచడానికి అది కావాలట. పద్నాలుగు సినిమాల్లో ఆమె ఈ నిమిషాన్ని ఊరికే గడిపింది, సాయంత్రం వంటకేం చెయ్యాలా అనుకుంటూ. ఇవాళ రేకుల మీద ఇసుక, కిటికీకి కొట్టుకుంటున్న ఈగ, కార్లో కళ్లు మూసుకుని హెడ్‌ఫోన్ల మీద చేతులు. ఆ స్టూలు మీది కప్పు. ముందు షాట్లో లేదది. ఎవరిది? నాదే. ఈ మాట ఎక్కడో ఇంతకు ముందే తన నోట్లోంచి రావాల్సింది, రాలేదు. ఎక్కడ? ఉన్ని షెడ్డు. అడిలైడ్ బయట గొర్రెల ఉన్ని షెడ్డులో ఒక కారవాన్‌ని నిలువునా సగానికి కోసి లైట్లు పెట్టారు, తొంభై అయిదు, మొదటి డాక్యుమెంటరీ. డెనీస్‌గా నటించే అమ్మాయి పసుపు స్వెట్టరు వేసుకుని కూర్చుంది. బల్ల మీద సామాన్లు సర్దే పిల్ల తన నోట్సు చూసుకుని తెల్ల కప్పు ఒకటి పెట్టింది, ఒక్కటే, ఆ నోట్సు ఇచ్చింది గ్లెనిసే. గ్లెనిస్ చేతిలో అంచు విరిగిన గోధుమరంగు కప్పు, అందరికీ పోసిన టీ. డెనీస్ జుట్టు ఎలా కట్టుకునేదో చూపించమని పిలిచారు. కప్పు ఎక్కడ పెట్టాలో తెలియక బల్ల మీద పెట్టి, ఆ అమ్మాయి వెనక్కి వెళ్లి రిబ్బను కట్టింది. తిరిగి తీసుకోబోతుంటే డైరెక్టరు అరిచాడు, వద్దు, ఉంచండి, ఎదురుగా ఇంకో కప్పు, ఎవరూ లేని కుర్చీ, భయంగా ఉంది, చాలా బాగుంది. ఆమెకు ఎంత సంతోషమైందో అప్పుడు. ఆ టీ సగమే తాగింది, మిగతాది చల్లారిపోయింది. తర్వాతి వారం ఆ దృశ్యం మూడుసార్లు వేసి చూపించారు, నాలుగోసారి లైట్లు వేసి, కుర్చీలో కూర్చోబెట్టి, మీరేం చూశారు, అని అడిగారు. ఆమె తను చూసింది చెప్పింది. నిజంగానే చూసింది, రెండు కప్పులు, కళ్లారా. ఎవరూ అబద్ధమాడమనలేదు, ఆడలేదు కూడా. ఈ ముప్ఫై ఏళ్లలో ఆమె అనుమానించని మనిషి లేడు, చేపల షెడ్డు మేస్త్రీని, కానిస్టేబుల్‌ని, రెండు పడవల వాళ్లని, ఇవాళ ఈ పసిపిల్ల తాష్‌ని. ఆ కప్పులో టీ తాగిన మనిషిని తప్ప. మెర్వ్ పొద్దున ఏడింటికి కొట్టు తెరవగానే వెళ్లి రొట్టె కొనుక్కుంటాడు, అప్పుడు ఎవరూ ఉండరు కాబట్టి. ఇంటికెళ్లి కూర్చుని ఆ రెండో కప్పు ఎవరిదా అని ఆలోచిస్తాడు. నేను చూశానని నమ్ముతాడు. తను ఇప్పుడు లేచి, పేస్టీ ఒకటి తిని, వెళ్లొస్తానని చెప్పి ఇంటికి పోవచ్చు. ఎవరికీ తెలియదు. ఆ ఫైలు మళ్లీ ఎవరూ తెరవరు. సిగ్గుతో ఆమె ఒళ్లంతా వేడెక్కింది.

"రెండో కప్పు నాది," అంది గ్లెనిస్.

కార్లో కళ్లు తెరిచాడు. "అబ్బా, ఇంకో పదిహేను సెకన్లలో అయిపోయేది కదే తల్లీ."

"మీ కప్పు వంటింట్లో పెట్టేశాం గ్లెనిస్," అంది తాష్.

"ఆ కప్పు కాదు. కెమెరా ఆపారా?"

"లేదు, నడుస్తోంది."

"నడవనియ్యి. ఆ కాగితం మళ్లీ ఇటివ్వమ్మా. ఇందాక ఒక వాక్యం వదిలేసి చదివాను, కావాలనే వదిలేశాను."

తాష్ మొహంలో నవ్వు పోయింది. ఫైలు తెరిచి, ఈసారి కాగితాన్ని తను ముందు చదివింది, వేలు పెట్టుకుని వరుస వరుసా చదివింది. వేలు ఒకచోట ఆగిపోయింది. కాగితం గ్లెనిస్ చేతికిచ్చింది. గ్లెనిస్ చేతులకి ఆన్చడానికి చోటు లేదు, కెమెరా వాటినే చూస్తుందని తెలుసు. చూడనీ అనుకుంది. కళ్లజోడు సర్దుకుని, ప్రశ్న కోసం ఆగకుండా, చదివింది.

"బల్ల మీద ఒక కప్పు ఉంది."